జాక్ డెమీ తీసినవి తేలికపాటి సినిమాలేనా?

ఫ్రెంచ్ దర్శకుడు జాక్ డెమీ అనగానే ముదురు రంగుల గోడలు, పాటలు, నటి కాథరిన్ డెనవ్ అందం గుర్తొస్తాయి. సరదా మ్యూజికల్స్ తీసినాయన అని ఒక ముద్ర కూడా పడిపోయింది. ఆ ముద్ర ఆయనకు అన్యాయమే చేసింది.

1964లో కాన్ చిత్రోత్సవంలో అత్యున్నత బహుమతి అందుకున్న 'ది అంబ్రెల్లాస్ ఆఫ్ షెర్బోర్గ్'నే తీసుకోండి. అందులో ఒక్క మాటా మామూలుగా మాట్లాడరు. కారు రిపేరు ముచ్చట కూడా మిషెల్ లెగ్రాండ్ బాణీలో పాడాల్సిందే. ఒపెరాలో అంతా పాడుతూనే ఉంటారు, నాకు సినిమానే ఇష్టం అంటాడు ఓ మెకానిక్, అదీ పాడుతూనే. ఇంతవరకూ నవ్వొస్తుంది. తర్వాత హీరో 'గీ'ని అల్జీరియా యుద్ధానికి, అంటే ఫ్రాన్స్ తన వలస దేశంలో స్వాతంత్ర్య పోరాటాన్ని అణచడానికి చేసిన యుద్ధానికి పంపుతారు. అతని బిడ్డను మోస్తున్న ప్రేయసి జెనెవీవ్‌కు ఉత్తరాలు సరిగ్గా రావు, తల్లి గొడుగుల కొట్టు అప్పుల్లో ఉంటుంది. చివరికి ఓ నగల వ్యాపారిని పెళ్లి చేసుకుంటుంది. విలన్ ఎవరూ లేరు. యుద్ధం, డబ్బు కలిసి ఇద్దరినీ విడదీశాయి, అంతే. అల్జీరియా మాటెత్తిన మరో ఫ్రెంచ్ దర్శకుడు గొడార్డ్ సినిమాను 1963 దాకా నిషేధించిన దేశంలో, డెమీ అదే యుద్ధాన్ని ప్రేమకథలో పెట్టి ఇంటింటి గొడవగా చూపించాడు. దీన్ని తేలిక అనడం నాకు మింగుడుపడదు.

1967 నాటి 'ది యంగ్ గర్ల్స్ ఆఫ్ రోష్‌ఫోర్' నిజంగానే సంబరం. డెనవ్, ఆమె అక్క ఫ్రాన్స్వాజ్ డోర్లియాక్, హాలీవుడ్ నుంచి నాట్యకారుడైన నటుడు జీన్ కెల్లీ. అయినా ఆ సంబరం మధ్యలోనూ ఒక హత్య వార్త వినిపిస్తుంది. ఆ తర్వాత లాస్ ఏంజెలెస్ వెళ్లి తీసిన 'మోడల్ షాప్' ఆడలేదు. 1970లో 'డాంకీ స్కిన్' బాగా ఆడింది.

డెమీ అసలు సత్తా కనిపించేది మాత్రం 1982 నాటి 'ఎ రూమ్ ఇన్ టౌన్'లో. డెమీ పెరిగింది ఫ్రాన్స్‌లోని నాంత్ నగరంలో, తండ్రికి గ్యారేజీ ఉండేది. ఆ ఊళ్లోనే 1955లో జరిగిన ఓడల కార్మికుల సమ్మెను కథగా తీసుకున్నాడు. మొదట్లోనే పోలీసులు, కార్మికులు వీధిలో ఎదురెదురుగా నిలబడి పాడతారు. లెగ్రాండ్ కాదంటే మిషెల్ కొలంబియర్‌తో సంగీతం చేయించుకున్నాడు. జనం రాలేదు. ఈ సినిమా చూడండంటూ విమర్శకులే పత్రికలో ప్రకటన వేయించినా లాభం లేకపోయింది. పాట అంటే ఆటవిడుపు అనుకునే ప్రేక్షకులకు లాఠీల ముందు పాట మింగుడుపడలేదని నాకనిపిస్తుంది. డెమీని కొత్తగా చూడాలనుకునేవాళ్లు ఈ సినిమాతోనే మొదలుపెట్టాలి.