ఇంటిపేరుతో కాపురం

జపాన్ దర్శకుడు మికియో నరుసే 1934లో షోచికు స్టూడియోకు తీసిన ‘కగిరినాకి హొదో’ ఆయన చివరి మూకీ. అంతులేని వీధి అని అర్థం చెప్పుకోవచ్చు. దీన్ని గయ్యాళి అత్త కథగా చూసి వదిలేస్తే చాలా పోగొట్టుకుంటాం. కోడలి మెడకు చుట్టుకున్నది ఇంటికి చట్టమే ఇచ్చిన పెత్తనం.

సుగికో టోక్యో గింజాలో ఓ టీ దుకాణంలో పనిచేస్తుంది. ప్రేమించిన హరదాకు ఇంట్లోవాళ్ళు వేరే సంబంధం చూశారు. పెళ్ళి సంగతి అతనికి ఆమె జవాబు చెప్పేలోపే హిరోషి అనే డబ్బున్నవాడి కారు ఆమెను గుద్దేస్తుంది. ఆమె మనసు మారిందనుకుని హరదా వెళ్ళిపోతాడు. చివరికి ఆమె హిరోషినే చేసుకుంటుంది.

హరదాను పిరికివాడనడం తేలికే. కానీ 1898 నాటి జపాన్ పౌరస్మృతి ప్రకారం మగవాడికి 30, ఆడపిల్లకు 25 ఏళ్ళు నిండేదాకా పెళ్ళికి తల్లిదండ్రుల అనుమతి ఉండాలి. ఎంత వయసొచ్చినా చట్టం గుర్తించిన ఇంటిపెద్ద ఒప్పుకోలు తప్పదు. కాదని చేసుకుంటే కుటుంబ పట్టీలోంచి పేరు తీసేయించే హక్కు ఆయనది. ఆ చట్టం 1947 దాకా నడిచింది. ఒమియాయ్, అంటే మన పెళ్ళిచూపుల లాంటిది, సాగింది ఈ గొడుగు కిందే.

సినిమాలో ఓ చోట సుగికో, హిరోషి థియేటర్‌కు వెళ్తారు. తెరమీద హాలీవుడ్ దర్శకుడు లూబిచ్ తీసిన ‘ది స్మైలింగ్ లెఫ్టినెంట్’ ఆడుతుంటుంది. అందులోనూ ప్రేమించిన అమ్మాయి తప్పుకుంటే, బలవంతంగా జరిగిన రాజవంశపు పెళ్ళి నిలబడుతుంది. నరుసే దీన్ని ఊరికే పెట్టలేదని నా నమ్మకం: హాయిగా నవ్వించే ఆ ముగింపు సుగికోకు దొరకదు.

ఇప్పుడు చూసేవాళ్ళకు ఒక సంగతి. షోచికు 1931లోనే టాకీ తీసినా, అక్కడ మూకీలు ఇంకొన్నేళ్ళు నడిచాయి. తెర పక్కన నిలబడి కథ చెప్పే బెన్షీలే అందుకు ఒక కారణం. ఆ గొంతు లేకుండా చూస్తున్నాం కాబట్టి ముఖాలనే చదవాలి. నరుసే కెమెరా కూడా ఉన్నట్టుండి ముఖం మీదికి దూసుకొస్తుంది. అత్తింట్లో పైకి అనని మాటలు అక్కడే దొరుకుతాయి.

అత్త, ఆడబిడ్డ సూటిపోటి మాటల మధ్య హిరోషి తాగుడికి దిగుతాడు, సుగికో ఇల్లు వదిలేస్తుంది. కారు ప్రమాదంలో చావుబతుకుల మధ్య ఉన్న అతని మంచం దగ్గరికి పిలిపిస్తే వస్తుంది. కానీ కోడలి ధర్మానికి తల వంచదు. మీరు ప్రేమించింది ఇంటిపేరునే, కొడుకును కాదని అత్త ముఖం మీదే చెప్పి బయటికి నడుస్తుంది. మళ్ళీ అదే గింజా, అదే టీ దుకాణం.