చిరంజీవి హెడ్‌ఫోన్‌కు ఆశీర్వదించి రాయునది

దర్గామిట్ట, నెల్లూరు
శుక్రవారం, రాత్రి 11 గంటలు

చిరంజీవి బ్లూటూత్ వైర్‌లెస్ హెడ్‌ఫోన్‌కు ఆశీర్వదించి రాయునది ఏమనగా,

ఉభయకుశలోపరి. ఇక్కడ మేమంతా క్షేమం. నీ క్షేమం గురించి నువ్వు జాబు రాయనక్కర్లేదు, ‘బ్యాటరీ లో’ అని రోజుకు నాలుగుసార్లు నువ్వే చెవిలో చెప్తున్నావు. ఆ ఒక్క మాట మాత్రం ఎప్పుడూ తెగకుండా, గరగర లేకుండా, ఆకాశవాణి వార్తల్లాగా స్పష్టంగా చెప్తావు.

సోమవారం పొద్దున తొమ్మిదిన్నర మీటింగు నీకు గుర్తుండే ఉంటుంది. నీకు మరుపనేదే లేదు కదా, నీ జబ్బే అది. అవతల బెంగళూరు నుంచి మా మేనేజరు, ఇంకో పదమూడు మంది. నేను నిన్ను చెవులకు తగిలించుకుని, లాప్‌టాప్ తెరిచి, ముఖానికి ఉద్యోగ కళ తెచ్చుకుని కూర్చున్నా. తెర మీద మేనేజరు పెదాలు ఆడుతున్నాయి. నా చెవిలో మాత్రం ఒకావిడ, ‘ఇప్పుడు రెండు స్పూన్ల కారం వేసుకుందాం’ అంటోంది.

జరిగిందేందంటే, ఆదివారం మధ్యాహ్నం మా అమ్మ నిన్ను తన ఫోనుకు కలిపించుకునింది. ఆమెకు చేపల పులుసు వీడియోలు చూడడం అలవాటు. నేర్చుకోడానికి కాదు, తప్పులు పట్టడానికి. మామిడికాయ ముక్క వెయ్యకుండానే దానికి నెల్లూరు పేరు తగిలించినోళ్లు, పొయ్యి మీద నుంచి దించీ దించగానే తినేసి ‘సూపర్’ అనేవాళ్లు (మరుసటి రోజుకు గదా పులుసు పులుసయ్యేది), వీళ్లందరి మీదా ఆమెకు పెద్ద కేసే ఉంది. సోమవారం నేను బటన్ నొక్కగానే, చివరిసారి ఎవరితో ఉన్నావో వాళ్లను వెతుక్కుంటా గోడ దాటి వంటింట్లోకి పోయావు. ఆడ మా అమ్మ ఫోన్లో బొమ్మ ఆడుతోంది, మాట రావడంలా. ఆమె సౌండు పెంచింది. రాలా. ఇంకా పెంచింది. ఆమె ఒక్కో గీత పెంచే కొద్దీ నా చెవిలో పోపు చిటపటలాడింది.

ఇటు లాప్‌టాపేమో, నువ్వు దొరక్క, మేనేజరు గొంతును దాని స్పీకర్లోంచి ఇల్లంతా వినిపిస్తోంది. ఆయన నన్ను మూడుసార్లు పిలిచాడంట. ఎవరో మగమనిషి గొంతని మా అమ్మ గరిటె పట్టుకునే వచ్చి, తెర వైపు వంగి, “ఎవరు నాయనా? మావోడు ఈడనే ఉండాడు. టిఫినయిందా?” అనింది. మైకు మాత్రం ఆ పూట బ్రహ్మాండంగా పనిచేసింది. పద్నాలుగు మందీ విన్నారు. “ఇంకా లేదమ్మా” అన్నాడు మా మేనేజరు, మర్యాదస్తుడు. మంగళవారం నుంచి ప్రతి మీటింగూ ‘అమ్మగారు బాగున్నారా’తోనే మొదలవుతోంది. నా పని గురించి అడగడం మానేశాడు. ఇది మంచికో చెడుకో ఇంకా తేలలా.

ఆ రాత్రే నీ సంగతి తేల్చుకుందామని కూర్చున్నా. లాప్‌టాప్‌లో చూస్తే నీ పేరు కింద ‘పెయిర్డ్’ అని ఉంది. దాన్ని చూసి మొదట్లో నేనూ మోసపోయేవాణ్ణి. ఓటర్ల లిస్టులో పేరుండడం వేరు, బూతుకు పోయి ఓటేసి రావడం వేరు. పెయిర్డ్ అంటే పేరుంది, అంతే. కనెక్టెడ్ అని పడితే అప్పుడు వచ్చినట్టు. వచ్చినా కూడా మాట నీ దగ్గరికే పంపాలని కంప్యూటరుకు తోచదు ఒక్కోసారి. కింద మూలన స్పీకరు బొమ్మ నొక్కి, మాట ఎటు పోవాల్నో మనమే చెయ్యి పట్టుకుని చూపించాల.

సరే, మొదటి నుంచి కలుపుదామని లాప్‌టాప్‌లో నీ పేరు తీసేశా. మళ్లీ వెతికితే ఊళ్లో వాళ్లందరి పేర్లూ వచ్చాయి. పక్కింటోళ్ల టీవీ, పైనింటి పిల్లోడి వాచీ, ఎవరిదో కారు. నువ్వు లేవు. నా మెడలోనే వేలాడుతున్నావు, నీలం లైటు వెలిగించుకుని.

అప్పుడు నాకు మా స్వర్ణాల చెరువు గుర్తొచ్చింది. రొట్టెల పండగ నువ్వు చూసి ఉండవు, నీకు నీళ్లు పడవు. మొహర్రం రోజుల్లో బారాషహీద్ దర్గా పక్కన చెరువులో దిగి, నిరుడు కోరిక తీరినోళ్లు రొట్టె పట్టుకుని ‘ఉద్యోగం రొట్టె, ఉద్యోగం రొట్టె’ అని కేకేస్తారు. ఆ కోరిక ఉన్నోళ్లు వెతుక్కుంటా పోయి పుచ్చుకుంటారు. రొట్టె చేతిలో ఉండి నోరు మెదపకుండా నిలబడితే ఎవురికి తెలుస్తుంది? నువ్వు చేసేది అదే. ఊరికే ఆన్ చేస్తే పాత స్నేహితుల్ని వెతుక్కుంటావే గాని, ‘నేనుండా, కొత్తోళ్లెవరన్నా రండి’ అని కేకెయ్యవు. పవర్ బటన్ వదలకుండా నొక్కిపట్టాల, ఎరుపూ నీలమూ మార్చి మార్చి కొట్టుకునేదాకా. అప్పుడు గాని చెరువులో దిగినట్టు కాదు. అదీ కొద్ది నిమిషాలే, ఎవురూ రాకపోతే గట్టెక్కేస్తావు. ఇంకో మాట, కొత్త విండోస్ 11లో వెతికే చోట ‘డిఫాల్ట్’, ‘అడ్వాన్స్‌డ్’ అని రెండున్నాయి. డిఫాల్ట్‌లో తనకు తెలిసిన రకం పరికరాల్నే చూపిస్తుంది. పేరు రాకపోతే అడ్వాన్స్‌డ్‌కు మార్చి చూడాల్నని నాకు మూడో రోజుకు తెలిసింది.

దొరికావు. ‘కనెక్ట్ కాలేకపోతున్నాం’ అనింది లాప్‌టాప్. ఎందుకయ్యా అంటే, జత కలిసిన రోజున నువ్వూ ఆ యంత్రమూ ఒక రహస్య తాళంచెవి తయారుచేసుకుని, చెరొక నకలు దాచుకుంటారు. నేను లాప్‌టాప్‌లో పేరు తీసేస్తే దాని నకలు చిరిగింది. నీ నకలు నీ దగ్గరే భద్రం. పాసుపుస్తకంలో ఒక పేరు, అడంగల్లో ఇంకో పేరు ఉన్న పొలంలాగా ఇద్దరికీ లెక్క కుదరలా. రెండుచోట్లా చెరిపి మళ్లీ రాయించుకోవాల. ఈ సంగతి ట్రంకు రోడ్డులో నిన్ను 2,400 రూపాయలకు అమ్మిన కుర్రాడు చెప్పాడు. “దానికి రీసెట్ కొట్టాలన్నా. మోడల్‌ని బట్టి ఉంటది. పవర్ బటన్ పది సెకన్లు పట్టుకోడమో, సౌండు బటన్లు రెండూ కలిపి నొక్కడమో. పెట్టెలో కాగితం వచ్చింది గదన్నా, చూళ్లా?” ఆ కాగితం మడిచి మా అమ్మ ఇస్త్రీ టేబులు కాలి కింద పెట్టి ఉంది. టేబులు మాత్రం కదలడంలా.

కలిసింది. పాట పెట్టా, చక్కగా వచ్చింది. మీటింగులోకి పోయా, మేనేజరు ఎనభైల్లో ఎస్టీడీ బూతు నుంచి ట్రంకాల్ చేసినట్టున్నాడు. మళ్లీ నీ చరిత్ర తవ్వితే తేలిందేందంటే నీకు రెండు వేషాలు. స్టీరియో అనేది ఒకటి, పాట బాగా వస్తుంది గాని మైకు ఉండదు. హ్యాండ్స్‌ఫ్రీ అనేది ఇంకోటి, మైకు ఉంటుంది గాని మాట సన్నటి గొట్టంలోంచి వచ్చినట్టుంటుంది. మీటింగు నీ మైకు తెరవగానే మొదటి వేషం విప్పి రెండోది కట్టేస్తావు. మందు సులువే. వినేదానికి నువ్వు, మాట్లాడేదానికి లాప్‌టాప్ సొంత మైకు అని సెట్టింగుల్లో విడగొట్టా. అంటే నీకు మైకుందని చెప్పి అదనంగా గుంజిన డబ్బు బూడిదలో పోసినట్టే. ఇది మాత్రం నేను మర్చిపోను.

నీ జాతి మొత్తం ఇంతేనేమో. ఒంగోల్లో మా బావ జీఎస్టీ లెక్కలు రాస్తాడు, డెస్క్‌టాపు మీద. దానికి బ్లూటూత్ లేదని, అది తెచ్చిపెట్టే వేలెడంత యూఎస్‌బీ ముక్క, డాంగిల్ అంటారు, ఒకటి కొని సీపీయూ వెనక గుచ్చాడు. ఫోన్ చేసి, “బావా, నిలబడితే పాట వస్తంది, కూర్చుంటే పోతంది” అన్నాడు. వారం రోజులు నిలబడే రిటర్నులు వేశాడు పాపం, నడుం పట్టేసింది. నేను పోయి చూస్తే సీపీయూ బల్ల కింద గోడకు ఆనుకుని ఉంది, డాంగిల్ ఇనప డబ్బా వెనక దాక్కునుంది, కూర్చుంటే మధ్యలో మా బావ తొడలు అడ్డం. మీరు వాడే 2.4 గిగాహెర్ట్జ్ తరంగాలను నీళ్లు తాగేస్తాయి, మనిషంటేనేమో నీళ్ల కుండ, మా బావయితే కాగు. పైగా పక్క పోర్టులోనే యూఎస్‌బీ 3 హార్డ్ డిస్కు, అది ఆ తరంగాల మీదనే రొద చేస్తుంది. ఒక ఎక్స్‌టెన్షన్ కేబులు తెప్పించి డాంగిల్‌ను బల్ల మీదకు తెచ్చా. ఇప్పుడు కూర్చునే వింటున్నాడు. ఈ మాత్రం దానికి నన్ను ఇంజనీరంటున్నారు ఆ వీధిలో.

న్యాయం చెప్పుకోవాలంటే నీ కష్టమూ చిన్నది కాదు. ఆ గాలిలోనే వైఫై, ఆ గాలిలోనే పక్కింటి మైక్రోవేవ్ ఓవెన్. ఆ సందడిలో 79 దారులు పెట్టుకుని సెకనుకు 1,600 సార్లు దారి మారుస్తా, మా స్టోన్‌హౌస్‌పేట సందుల్లో బండి దూర్చేవాడిలాగా నెట్టుకొస్తున్నావు. అంత చురుకైనదానివి, నా బల్లకూ మా వంటింటికీ తేడా తెలుసుకోలేకపోవడమేందనే నా బాధంతా.

బ్లూటూత్ అనే నీ ఇంటిపేరు సంగతీ విన్నాలే. వెయ్యేళ్ల కిందట డెన్మార్క్ రాజు హెరాల్డ్‌కు పుచ్చిన పన్ను ఒకటుంటే ‘నీలిపన్ను’ అన్నారంట. ఆయన విడివిడిగా ఉన్నోళ్లను ఏకం చేశాడని 1990లలో ఇంజనీర్లు నీకా పేరు తాత్కాలికంగా పెడితే, అదే అతుక్కుపోయింది. పన్ను పోటు అని పెట్టి ఉంటే ఇంకా అతికేది.

ఆఖరున ఒకటి. లాప్‌టాపును ‘షట్‌డౌన్’ చేసి లేపితే నీ జబ్బు కుదరలా. ‘రీస్టార్ట్’ కొడితే కుదిరింది. షట్‌డౌన్ చేస్తే విండోస్ పూర్తిగా పడుకోదంట. ఫాస్ట్ స్టార్టప్ అని ఒక కన్ను తెరిచే కునుకు తీస్తుంది, లేచాక పాత తిక్కే కొనసాగుతుంది. రీస్టార్ట్‌లో అయితే నిజంగా చచ్చి పుడుతుంది. పదిహేనేళ్లుగా కంప్యూటరు ముందు కూర్చునే నాకు ఈ ముక్క ఇప్పుడు తెలిసింది.

వచ్చే రొట్టెల పండక్కి మా అమ్మను తీసుకుని చెరువుకు పోదామనుకుంటున్నా. చదువు రొట్టె, పెళ్లి రొట్టె, ఇంటి రొట్టె, విదేశీ రొట్టె ఎట్టా ఉన్నాయి, బ్లూటూత్ రొట్టె కూడా అడిగి చూస్తా. అడిగేవాళ్లకు కొదవుండదు. ఇచ్చేవాడే దొరకాల. ఏడాది పొడుగునా తెగకుండా కలిసున్న హెడ్‌ఫోన్ గలవాడు ఒక్కడన్నా రొట్టె పట్టుకుని నీళ్లలో దిగాల గదా.

ఇట్లు,
నిన్ను మెడలో వేసుకుని తిరుగుతున్నవాడు

తా.క.: మా అమ్మ నిద్రపోయాక ఆమె ఫోన్లో బ్లూటూత్ ఆపేశా. పొద్దున లేచి ఆ బొమ్మ ఎవరు తీసేశార్రా అని అడిగితే నీ పేరే చెప్తా, కాదనబాక.