బ్రాడీపేటను ఎవరడిగారు?

మా పిన్ని ఇల్లు గుంటూరు బ్రాడీపేటలో. లైను నంబరు, అడ్డరోడ్డు నంబరు చెబితే చాలు, ఆటో అబ్బాయి ఇంకో మాట అడగకుండా గుమ్మంలో దించే పేట. కిందటిసారి వెళ్ళేసరికి ఎదురు వరుసలో, జిరాక్సు కొట్టు ఉండే గదిలో మద్యం దుకాణం వెలిసింది. "బోర్డు కట్టిన రోజే మాకు తెలిసింది నాయనా" అంది పిన్ని. పొద్దున్నే ముగ్గు వేయాలంటే ముందు అరుగు మీది ప్లాస్టిక్ గ్లాసులు, నీళ్ళ ప్యాకెట్లు, శనగల పొట్లాలు ఏరుకోవాలి. వీధివాళ్ళంతా సంతకాలు చేసి అర్జీ ఇచ్చారు. బడి 100 మీటర్ల అవతలే ఉంది కాబట్టి నిబంధన మీరలేదని జవాబు వచ్చింది.

ఆ జవాబులో తప్పు లేదు. నా గొడవంతా అదే. గుడికి, బడికి, ఆసుపత్రికి దూరం కొలుస్తారు. మనుషులు కాపురముండే ఇంటికి కొలతే లేదు. 2024 అక్టోబరులో రాష్ట్రం 3,396 దుకాణాలకు లాటరీ తీసింది. ఒక్కో దరఖాస్తుకు తిరిగిరాని రుసుము 2 లక్షలు. అయినా దాదాపు 90 వేల దరఖాస్తులు వచ్చిపడ్డాయి. అమ్మేవాడికి ఫారం ఉంది, రుసుము ఉంది, అదృష్టముంటే చీటీ కూడా ఉంది. ఎదురింటివాళ్ళకు ఫారమే అచ్చు వేయలేదు.

నేనుండే ఇంగ్లండులోని లెస్టర్‌లో మా వీధి చివరి కొట్టు మద్యం లైసెన్సు అడిగినప్పుడు అద్దానికి లేత నీలం కాగితం అంటించారు. 2003 నాటి చట్టం ప్రకారం అభ్యంతరం చెప్పడానికి 28 రోజులు. నేనూ ఒక పేజీ రాసి, కౌన్సిలర్ల ముందు విచారణకు వెళ్ళాను. తాగుడు ఆరోగ్యానికి చేటని మొదలుపెట్టగానే, మర్యాదగానే ఆపేశారు. నేరాలు, ప్రజల భద్రత, ఇరుగుపొరుగు ఇబ్బంది, పిల్లల క్షేమం, ఈ నాలుగింటి మీదే మాట్లాడాలట. సరే, మా పిల్లల బస్‌స్టాపు సంగతి చెప్పాను. లైసెన్సు ఇచ్చారు. కాకపోతే అర్ధరాత్రి దాకా అడిగిన కొట్టు పదింటికే మూయాలన్నారు. ఓడిపోయి వచ్చాననే అనుకున్నాను, ఇంట్లోవాళ్ళు ఒప్పుకోలేదు.

మనవాళ్ళతో ఈ మాటెత్తితే చర్చ వెంటనే సారా వ్యతిరేక ఉద్యమం పుట్టిన దూబగుంటకు, 1995 జనవరిలో ఎన్టీఆర్ తెచ్చిన సంపూర్ణ నిషేధానికి, 1997 సడలింపుకు వెళ్ళిపోతుంది. పూర్తిగా మూయడమో, బార్లా తెరవడమో. నేను నిషేధం అడగడం లేదు (మా బాబాయి చదివితే ఊపిరి పీల్చుకుంటాడు). ఏ గదిలో, ఎన్ని గంటల దాకా అన్నది వీధివాళ్ళను అడిగి తేల్చమంటున్నాను. ఇది పరాయిదేశపు ముచ్చటేమీ కాదు. మహారాష్ట్రలో నాలుగోవంతు మహిళా ఓటర్లు సంతకం చేస్తే దుకాణం మీద ఓటింగు పెడతారు. గుర్తులు నిలబెట్టిన సీసా, పడుకోబెట్టిన సీసా. మన మన్యంలోనూ 1996 పీసా చట్టం (గిరిజన ప్రాంతాల పంచాయతీల చట్టం) మద్యం అమ్మకాన్ని అదుపు చేసే అధికారం గ్రామసభకు ఇచ్చింది. అమలు సంగతి వేరు, హక్కయితే కాగితం మీదైనా ఉంది. బ్రాడీపేటకు అదీ లేదు.

డబ్బిచ్చి సంతకాలు చేయిస్తారని, పోటీ వ్యాపారే అభ్యంతరాలు రాయిస్తాడని అంటారు. నిజమే, చేయిస్తారు. అందుకే ముఖాముఖి విచారణ పెట్టి, కారణాలు రాసి ఇవ్వాలి. వార్డు సచివాలయం గది చాలు. ఇప్పటి లైసెన్సుల గడువు 2026 సెప్టెంబరు దాకానే. ఇక్కడి మన తెలుగు సంఘం వేదికలకు ఎమ్మెల్యేలు వస్తుంటారు, శాలువాలు కప్పుతాం, ఫోటోలు దిగుతాం. ఈసారి శాలువాతోపాటు ఈ ప్రశ్న కూడా చేతికిద్దాం.

మొన్న ఫోనులో పిన్నికి నీలం కాగితం కథ చెప్పాను. "తెలుగులోనే రాస్తారా?" అని అడిగింది. ఇక్కడ ఇంగ్లీషే పిన్నీ అన్నాను. "మనకైతే కాస్త పెద్దక్షరాలతో వేయమను. కళ్ళజోడు మార్చి రెండేళ్ళయింది."