కంటిన్యూటీ వడియాలు

స్వతంత్ర సినిమా అంటే మా మేనల్లుడు ఏవేవో పెద్ద మాటలు చెప్తాడు గానీ, నాకు తెలిసి అందులో అందరికన్నా స్వతంత్రుడు నిర్మాత. జీతాలివ్వాలనే బంధం ఆయనకు లేదు.

మావాడు డీఓపీ. అంటే కెమెరామెనే. చంద్రగిరిలో మా వీధివాళ్లకు కెమెరామెన్ అంటే పెళ్లిళ్లకు వచ్చేవాడు. "ఆల్బమ్‌కు ఎంత తీసుకుంటావబ్బా?" అని అడిగిపోతుంటారు. వాడికి మండి, "మార్కస్ బార్ట్లే..." అని మొదలుపెడతాడు. ఆయన విజయావారి సినిమాల్లో కెమెరాతో వెన్నెల కాయించిన మహానుభావుడు, నిజమే. ఆయన వెనక స్టూడియో ఉన్నింది. వీడి వెనక మా మిద్దె ఉండాది.

కెమెరా, లెన్సులు చెన్నై వడపళని నుంచి రోజువారీ అద్దెకు తెచ్చినారు. లైట్లకు డబ్బుల్లేవు, సూర్యుడే దిక్కు. మే నెల మిట్టమధ్యాహ్నం ఎండలో ఎవరిని నిలబెట్టినా కళ్లు గుంటలు, ముక్కు కింద నల్ల నీడ. ఆ ఎండను మెత్తబరచడానికి చట్రానికి తెల్లగుడ్డ బిగించి నెత్తిపైన పట్టుకుంటారు. స్కిమ్మర్ అంటారు దాన్ని. రాత్రి దాన్ని మా మిద్దెమీద పరిచి పడుకున్నారు.

తెల్లారి మా ఇంటామెకు కనబడిందేంది? నాలుగు మూలలా బిగించిన తెల్లగుడ్డ, మిద్దెమీద, మే నెలలో! ఏ ఇల్లాలు ఊరుకుంటుంది? తడి చేసి, వరసగా బియ్యప్పిండి వడియాలు పెట్టేసింది.

మధ్యాహ్నం హడావిడిలో ఇద్దరు కుర్రోళ్లు దాన్ని అట్నే ఎత్తుకొచ్చి హీరోయిన్ నెత్తిన పట్టినారు. ఎండిన వడియాలు గుడ్డను వదల్లేదు. ఆ పాప మొహమంతా గుండ్రటి నీడలు. మానిటర్ చూసి మావాడు తల పట్టుకున్నాడు. డైరెక్టర్ మాత్రం లేచి నిలబడినాడు.

"ఏం టెక్స్చరన్నా! మనసులో గందరగోళమంతా మొహం మీదికొచ్చేసింది. ఓకే!"

సాయంత్రం మా ఇంటామె గుడ్డ వెనక నీళ్లు చిలకరించి, వడియాలు వొలిచి డబ్బాకెత్తింది. సీను సగమే అయింది. నిన్నటి నీడలు ఈరోజు లేకపోతే కంటిన్యూటీ పోతుందంట. పొద్దున్నే అసిస్టెంట్ డైరెక్టర్ ఫోన్‌లో ఫొటో పట్టుకుని వంటింట్లోకి వచ్చినాడు.

"అక్కా, ఎడమ కంటి కింద పెద్దది, గడ్డం దగ్గర చిన్నవి రెండు..."

"కారం కూడా నిన్నటంతేనా నాయనా?"

వడియాలు ఎండేదాకా యూనిట్టంతా నీడన కూర్చునింది. తీరా షాట్ పెట్టే వేళకు ఎడమ కంటి నీడను కాకి ఎత్తుకుపోయింది. మళ్లీ పిండి కలిపినారు.

అందరికీ డబ్బులు సినిమా అమ్ముడుపోయినాకేనని నిర్మాత ముందే చెప్పినాడు. మా ఇంటామె ఆ మాట వినలేదు. పిండి, జీలకర్ర, కూలి లెక్కగట్టి, ఆ సాయంత్రమే నోట్లు చేతిలో పెట్టించుకుని ఎంచుకుంటా ఉండాది. మావాడు మెల్లగా పక్కకు చేరినాడు.

"అత్తా, మీ డిపార్ట్‌మెంట్‌లో అసిస్టెంట్ పని ఏమన్నా ఉండాదా?"