సవరణ: జర్మనీ ఒక్కటైంది 1989 నవంబరు 9న కాదు

మొన్నటి పోస్టులో ‘1989 నవంబరు 9న బెర్లిన్ గోడ కూలి రెండు జర్మనీలు ఒక్కటయ్యాయి’ అని ఉంది. ఆ రోజు తెరుచుకున్నది సరిహద్దు మాత్రమే. దేశం ఒక్కటైంది 1990 అక్టోబరు 3న.

నవంబరు 9 సాయంత్రం ప్రెస్ మీట్‌లో, కొత్త ప్రయాణ నిబంధనలు ఎప్పటినుంచి అమలు అని విలేకరులు అడిగితే, తూర్పు జర్మనీ పార్టీ నాయకుడు గుంటర్ షబోవ్‌స్కీ చేతిలోని కాగితాలు తిరగేసి, ‘నాకు తెలిసినంతవరకు, వెంటనే’ అనేశాడు. అంతే, జనం బెర్లిన్‌లోని బోర్న్‌హోల్మర్ వీధి సరిహద్దు గేటు దగ్గరికి పోటెత్తారు. పైనుంచి స్పష్టమైన ఆర్డర్ లేదు. ఎంత టెన్షన్‌లో ఉన్నా కాపలా అధికారులు కాల్పులు జరపకుండా గేటు తెరిచేశారు. వాళ్లకు చేతులెత్తి మొక్కాలి.

ఆ తర్వాతి పదకొండు నెలలను వదిలేస్తే తూర్పు జర్మన్లకు అన్యాయం చేసినట్టే. 1990 మార్చి 18న వాళ్లు స్వేచ్ఛగా ఓటేశారు. జులై 1న పశ్చిమ జర్మనీ కరెన్సీ మార్కు వాళ్ల చేతికొచ్చింది. ఆగస్టు 23న వాళ్ల పార్లమెంటే విలీనానికి ఓటేసింది. సెప్టెంబరు 12న మాస్కోలో రెండు జర్మనీలు, అమెరికా, సోవియట్ యూనియన్, బ్రిటన్, ఫ్రాన్స్ విలీనానికి దారి తెరిచే ఒప్పందంపై సంతకాలు చేశాయి.

జర్మనీ జాతీయ దినం కూడా అక్టోబరు 3నే. నవంబరు 9కి ఇంకో చరిత్ర ఉంది: 1938లో ఆ రాత్రే నాజీలు యూదుల ప్రార్థనామందిరాలు తగలబెట్టారు.