అల్లుడుగారి చొక్కా

పోయినవాళ్ల గది సర్దడానికి కూర్చుంటే కాసేపట్లోనే ఏడుపు ఆగిపోయి తుమ్ములు మొదలవుతాయి. మా పెదనాన్న గదిలోనూ అదే జరిగింది.

అక్క మూడు కుప్పలు పెట్టింది: ఉంచేవి, ఎవరికైనా ఇచ్చేవి, పారేసేవి. పెద్దమ్మ గుమ్మంలో కుర్చీ వేసుక్కూర్చుంది. పారేసే కుప్పలో ఏది పడినా, లేవకుండానే వెనక్కి తెప్పించేది. ఒక బిల్లుల కట్ట దొరికింది. ఆ నున్నటి కాగితం మీద సిరా ఉండదు, వేడికి నల్లబడే పూతే. ఏళ్లు గడిచేసరికి అక్షరాలన్నీ మాయం.

"వెనకవైపు చీటీలు రాసుకోవచ్చు" అంది పెద్దమ్మ.

"ముందువైపు కూడా రాసుకోవచ్చు అత్తయ్యా" అన్నాడు బావ.

తర్వాత 2015 క్యాలెండర్. బావ చించబోతే పెద్దమ్మ కేక పెట్టింది. "ఆగండి! అవే తేదీలు, అవే వారాలు 2026కి సరిపోతాయని దాచారాయన." ఫోన్లో చూశాం. నిజమే! 2037కి కూడా సరిపోతుందట.

"అప్పటికి ఎవరుంటాం పెద్దమ్మా?" అన్నాను.

"క్యాలెండర్ ఉంటుందిగా!"

ఈలోగా దుమ్ము భరించలేక బావ తన చొక్కా విప్పి పక్కన పెట్టి, చేతికందిన పెదనాన్న గళ్ల చొక్కా తొడుక్కున్నాడు. ఆ పక్కన అంటే 'ఇచ్చేవి' కుప్ప. పాత బట్టల వ్యాన్ వచ్చింది, కుర్రాళ్లు చకచకా మూటలు కట్టుకుని వెళ్లిపోయారు. బావ చొక్కా, జేబులో ఫోను, కారు తాళం అన్నీ ఆ మూటలోనే.

బావ వాకిట్లోకి పరుగెత్తాడు. సరిగ్గా అప్పుడే పరామర్శకి వచ్చిన పక్కింటావిడ, వెనకనుంచి ఆ గళ్ల చొక్కానీ ఆ బట్టతలనీ చూసి కెవ్వుమంది. బావ గిర్రున తిరిగి, టెన్షన్‌లో, "నా బట్టలు ఎవరికో ఇచ్చేశారండీ!" అన్నాడు. ఆవిడ రెండో కేక వీధి చివరిదాకా వినిపించే ఉంటుంది.

ఆవిడకి మంచినీళ్లిచ్చి, ఈయన అల్లుడేనని నమ్మించేసరికి తాతలు దిగొచ్చారు. బావ నంబరుకి రింగిచ్చి ఇచ్చి విసిగాక ఎవరో ఎత్తారు. "మూట మోగుతుంటే ముట్టుకోవడానికి భయమేసిందండీ" అన్నాడు డ్రైవరు. సాయంత్రం ఫోనూ తాళమూ తెచ్చిచ్చాడు. చొక్కా మాత్రం మూటల్లో కలిసిపోయిందట.

బావ గళ్ల చొక్కాతోనే కారెక్కాడు. గుమ్మంలోంచి పెద్దమ్మ కేకేసింది: "ఉతికి పంపండి అల్లుడుగారూ! అది ఏ కుప్పలోదో ఇంకా తేల్చలేదు."