ఆట ముగిశాకే నిబంధనలు: ఒక సవినయ సమర్థన

ప్రభుత్వోద్యోగాల ఎంపికలో అన్యాయం జరిగిందంటూ కోర్టు మెట్లెక్కే అభ్యర్థుల మీద నాకు చాలాకాలంగా మనస్తాపం ఉంది. నియామక సంస్థ ఎంత శ్రమపడి నోటిఫికేషన్ ఇచ్చి, పరీక్ష పెట్టి, ఇంటర్వ్యూలు నడిపిస్తుందో వారు గమనించరు. అవన్నీ పూర్తయి, ఎవరికెన్ని మార్కులు వచ్చాయో కళ్లెదుట కనిపిస్తున్నప్పుడు, అర్హతకు ఎన్ని మార్కులు కావాలో నిర్ణయించడం ఎంత శాస్త్రీయమో అసలే గ్రహించరు. మనిషిని చూడకుండా చొక్కా కుట్టే దర్జీ కంటే, ఎదురుగా నిలబెట్టి కొలతలు తీసి కుట్టేవాడే నిపుణుడు కదా!

ఈ విద్యలో ఆరితేరినవారు ఏ మారుమూల కార్యాలయంలోనో ఉంటారనుకుంటే పొరపాటు. సాక్షాత్తూ ఆంధ్రప్రదేశ్ హైకోర్టే 2004లో 10 జిల్లా జడ్జి పోస్టులకు ఎంపిక చేపట్టింది. రాతపరీక్షకు 75 మార్కులు, ఇంటర్వ్యూకు 25. అభ్యర్థులు పరీక్ష రాశారు, ఇంటర్వ్యూకు హాజరయ్యారు, ఇళ్లకు వెళ్లిపోయారు. అప్పుడు తట్టింది పెద్దలకు, ఇంటర్వ్యూలో కూడా కనీస మార్కులు రావాలని. ఇక రాతలో ఎంత బాగా రాసినవాడైనా ఇంటర్వ్యూలో ఆ కొత్త గీత దాటకపోతే, వాడి 75 మార్కుల కష్టమంతా బూడిదలో పోసిన పన్నీరే. ఆట ఆడేశాక నిబంధన మార్చడం చెల్లదని 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. తీర్పు స్పష్టంగానే ఉంది. దాన్ని హైకోర్టులు తమకు కూడా వర్తింపజేసుకోవాలని అందులో విడిగా రాసి ఉండాల్సిందేమో.

ఎందుకంటే రాజస్థాన్ హైకోర్టు 13 అనువాదకుల పోస్టులకు పరీక్ష పెడితే 21 మంది రాశారు. రాశాక, 75 శాతం వచ్చినవారే అర్హులన్నారు. ముగ్గురు మిగిలారు. అనువాదమంటే ఒక మాటను మరో మాటగా మార్చడమే గనుక, నోటిఫికేషన్‌ను కూడా అలాగే అనువదించారని నేను సరిపెట్టుకున్నాను. అభ్యర్థులు సరిపెట్టుకోలేదు. 2013లో ఈ ప్రశ్నను సుప్రీంకోర్టు విస్తృత ధర్మాసనానికి నివేదించగా, ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం 2024 నవంబరు 7న జవాబిచ్చింది. నిబంధనలు గానీ నోటిఫికేషన్ గానీ అనుమతిస్తే తప్ప మధ్యలో అర్హతా ప్రమాణాలు మార్చరాదని, అనుమతించినా ఆ మార్పు సమానత్వ హక్కునిచ్చే రాజ్యాంగం 14వ అధికరణ ముందు నిలవాలని తేల్చింది. ప్రశ్న ఒక్కటే, జవాబుకు పట్టింది పదకొండేళ్లు. అభ్యర్థికి మాత్రం గంట కొట్టగానే పేపరు లాక్కుంటారు.

ఇక కోర్టుకు ఎప్పుడు వెళ్లాలన్నది మరో సూక్ష్మం. పరీక్షకు ముందే వెళితే, ఇంకా ఏమీ జరగలేదు, తొందరెందుకంటారు. ఫలితాలొచ్చాక వెళితే, అన్నీ తెలిసే పాల్గొన్నావు, ఓడిపోయాక ప్రశ్నించడానికి వీల్లేదంటారు. 1995లో సుప్రీంకోర్టు చెప్పిన ఈ రెండో మాట నియామక సంస్థలు కోర్టుకిచ్చే జవాబులకు, అంటే కౌంటర్ అఫిడవిట్లకు, పెట్టని కోట. నా లెక్క ప్రకారం రిట్ వేయడానికి సరైన సమయం, ఇంటర్వ్యూ గది తలుపు తోసి ఒక కాలు లోపల, ఒక కాలు బయట ఉన్న ఆ క్షణమే.

ఆ క్షణాన్ని పట్టుకోగలిగిన అదృష్టవంతుడు, రాత్రి పది గంటలకు ఫోనులో మర్నాడు విచారణకొచ్చే కేసుల జాబితా (కాజ్‌లిస్టు) తెరిచి తన కేసు 94వ నంబరులో ఉందని చూసుకుని, తెల్లవారకముందే బస్సెక్కి, కోర్టు హాలు వెనక గోడకు ఆనుకుని సాయంత్రం దాకా నిలబడి, ‘కౌంటరుకు నాలుగు వారాలు’ అన్న రెండు ముక్కలు విని తిరుగుబస్సు ఎక్కుతాడు. ఈలోగా ఎంపికైనవారు ‘తుది తీర్పుకు లోబడి’ ఉద్యోగాల్లో చేరతారు, తుది తీర్పుకు లోబడే ఇంక్రిమెంట్లు తీసుకుంటారు. పిటిషనరు వయోపరిమితి మాత్రం దేనికీ లోబడదు.

ఈ లోబడటం ఎందాకా పోతుందో కేరళ హైకోర్టు జిల్లా జడ్జీల ఎంపికలో చూడవచ్చు. వైవాకు (ఇంటర్వ్యూకు) కటాఫ్ ఉండదని ముందే రాతపూర్వకంగా చెప్పి, వైవా అయ్యాక 2017లో కటాఫ్ పెట్టారు. అది ఏకపక్షమని 2023 జులై 12న రాజ్యాంగ ధర్మాసనం నిర్ద్వంద్వంగా ప్రకటించింది. అయితే ఆరేళ్లుగా పనిచేస్తున్న జడ్జీలను ఇప్పుడు దించడం ప్రజాప్రయోజనం కాదని, ఎక్కడివారిని అక్కడే ఉంచింది. పిటిషనర్లు గెలిచారు, కుర్చీలు గెలవలేదు.

అయినా వారి శ్రమ వృథా పోలేదు. ఈ మూడు తీర్పులూ జడ్జి పోస్టులకు పోటీపడేవారు తప్పక చదవాల్సినవే. రేపు ఏదో ఇంటర్వ్యూలో ఎవరినో వీటి గురించే అడుగుతారు, అతను తడుముకోకుండా జవాబు చెబుతాడు. ఆ జవాబుకు కనీసం ఎన్ని మార్కులు రావాలో, అతను బయటికి వెళ్లాక నిర్ణయిస్తారు.